అమ్ముడుపోయిన గడ్డం

1982లో నేను మ్యూనిక్‌లో పరిశోధక విద్యార్థిని. ఒక సాయంత్రం మా వసతిగృహంలో నలుగురం కూర్చుని ఒక వ్యాపార ప్రకటన చూశాం. అందులో ఉన్నవాడు పౌల్ బ్రైట్నర్. ఏళ్ల తరబడి పెంచిన గుబురు గడ్డం తీయించుకుని, క్షౌరం తరువాత రాసుకునే పిట్రలాన్ అనే సరుకుకు సాక్ష్యం చెబుతున్నాడు. అందుకు 1,50,000 మార్కులు ముట్టాయని పత్రికలు రాశాయి. నా గదిలో ఉండే జర్మను మిత్రుడు మారుమాట లేకుండా లేచిపోయి, గోడమీది బ్రైట్నర్ బొమ్మను చింపేశాడు. నేను చప్పట్లు కొట్టాను.

ఆ చప్పట్ల గురించే నేనిప్పుడు చెప్పుకోవాలి.

బ్రైట్నర్ సామాన్యుడు కాడు. 1974 జూలై 7న మ్యూనిక్‌లో జరిగిన ప్రపంచ కప్పు ఫైనల్‌లో హాలెండు రెండో నిమిషంలోనే గోలు కొట్టింది. ఇరవై అయిదో నిమిషంలో పెనాల్టీ తన్ని స్కోరు సమం చేసింది అతడే. అప్పటికి అతని వయసు 22. పశ్చిమ జర్మనీ 2–1తో గెలిచింది. మావో చిత్రం కింద కూర్చుని ఫోటో తీయించుకున్న ఆటగాడతడు. వామపక్ష విద్యార్థులకు అతడు మైదానంలోని తమ మనిషి.

అదే ఏడాది అతడు రియల్ మాడ్రిడ్‌కు వెళ్లాడు. ఫ్రాంకో ఇంకా బతికే ఉన్నాడు. అక్కడ సమ్మె చేస్తున్న కార్మికులకు తన డబ్బులోంచి చందా ఇచ్చాడు. ఆ తరువాత, 1976లో, పీటర్ షామోని తీసిన ‘పొటాటో ఫ్రిట్జ్’ అనే చిత్రంలో హార్డీ క్రూగర్ పక్కన సార్జెంటు వేషం వేశాడు. అమెరికా పశ్చిమ సీమల కథ అది. అటువంటి కథల్లో సార్జెంటు యూనిఫారం అంటే ఏమిటో మనకు తెలుసు: ఆదివాసుల నేల ఆక్రమించినవారి యూనిఫారం. మావో అభిమాని ఆ బట్టలు తొడుక్కోవడం చూసి నేను నవ్వుకున్నాను. నటన సంగతికి వస్తే, బంతి దగ్గర ఉన్న చురుకు కెమెరా ముందు లేదు.

అయితే నిర్మాత నటనను కొనలేదు. బెకెన్‌బవర్‌ను సూపు ప్రకటనకు పిలిచిన 1966లోనూ, అతడు తానుగానే కనిపించిన ‘లిబెరో’ చిత్రం వచ్చిన 1973లోనూ కొన్నది నటనను కాదు. మైదానంలో చెమటోడ్చి సంపాదించిన పేరు సరుకయింది. బ్రైట్నర్ దగ్గర కొనడానికి మరొకటి కూడా ఉంది: తిరుగుబాటు. పెట్టుబడి ఆ గడ్డాన్ని చూసి భయపడలేదు, వెల అడిగింది. గడ్డం పెంచినందువల్లే గడ్డం తీయించడానికి అంత ధర పలికింది. ఇందులోని సూత్రం ఇంతే. తిరుగుబాటు ఆనవాలుగా మిగిలితే అంగడికెక్కుతుంది.

ఇంత తెలిసిన నేను చేసిందేమిటి? స్వదేశం వచ్చి కళాశాలలో చేరాను. పరీక్షల కోసం బట్టీపట్టే చదువును సభల్లో దుయ్యబట్టాను. అదే రోజుల్లో, చెల్లెలి పెళ్లి అప్పు తీరక, మారుపేరుతో ఒక ప్రచురణకర్తకు మూడు గైడ్లు రాసి ఇచ్చాను. ఒకసారి తరగతిలో ఒక కుర్రాడు ఆ గైడులోని నా వాక్యాన్నే నాకు అప్పజెప్పాడు. ‘‘ఎక్కడిదయ్యా ఈ చెత్త?’’ అన్నాను. పిల్లలంతా నవ్వారు. ఆ కుర్రాడు తల దించుకున్నాడు. బ్రైట్నర్ కనీసం తన ముఖంతో అమ్ముడుపోయాడు. నేను ముఖం దాచుకున్నాను.

ఇది చెప్పి అతణ్ణి నిర్దోషిగా తేల్చడం లేదు. ప్రకటన ప్రకటనే. కాని ఆ ప్రకటన మాడ్రిడ్ చందాను రద్దు చేయదు. ఆ చందా ప్రకటనను కడిగేయదు. 1982 జూలై 11న ఇటలీ చేతిలో 3–1తో ఓడిన ఫైనల్‌లో జర్మనీ తరఫున ఏకైక గోలు కొట్టిందీ అతడే. ఒక మనిషిలో ఇవన్నీ ఉన్నాయి. మేము మాత్రం బొమ్మను ప్రేమించాం, బొమ్మను చింపాం. సమ్మె కార్మికులకు డబ్బు అందిన క్షణాన్ని నేను ఏ తెరమీదా చూడలేదు. గోడకు తగిలించడానికి దానికి బొమ్మ లేదు. నిజానికి మేము గుర్తుంచుకోవలసింది అదే.

ఆ కుర్రాడికి నేను ఇంకా క్షమాపణ చెప్పుకోలేదు. అతడిప్పుడు ఎక్కడో మాస్టరుగా ఉండి ఈ పుటలు చదువుతూ ఉంటే, ఆ వాక్యం రాసింది నేనే.