కూస్కో నగరములోని కన్నెల యిల్లు

దక్షిణ అమెరికాయందలి పెరూ దేశమున, ఆండీసు కొండల నడుమ, సముద్రమట్టమునకు 11,000 అడుగుల పైయెత్తున కూస్కో యను పట్టణము గలదు. పల్లపుప్రదేశములనుండి వచ్చినవారికి అచ్చట మొదటి రెండుమూడు దినములు నాలుగు మెట్లెక్కినను రొప్పు వచ్చును. 15, 16 శతాబ్దములందు ఇది ఇంకా ప్రభువుల రాజధాని. క్విటో మొదలుకొని చిలీ దేశపు నడిమి భాగము వఱకు వ్యాపించిన తమ రాజ్యమును వారు క్వెచువా భాషలో తవాంతిన్‌సుయు, అనగా కలిసియున్న నాలుగుభాగములు, అని పిలిచెడివారు.

పట్టణమధ్యమందలి పెద్ద చౌకమునుండి లోరెటో యను ఇరుకుసందు బయలుదేరును. దాని కిరువైపులను ఇంకాల నాటి రాతిగోడలు గలవు. రాతికిని రాతికిని నడుమ సున్నము లేదు, అడుసు లేదు. చెక్కిన రాయి చెక్కిన రాతిపై నొదిగి కూర్చున్నది. 1650లోను 1950లోను వచ్చిన భూకంపములకు స్పెయినువారు కట్టిన మేడలు, దేవాలయములు అనేకములు కూలినవి. ఈ గోడలు మాత్రము కదలలేదు. ఇందొకవైపు గోడ అక్లావాసి యను మందిరమునకు చెందినది. అక్లా యనగా ఎన్నుకొనబడిన కన్య. వాసి యనగా ఇల్లు. ఆ స్థలమందే 17వ శతాబ్దారంభమున స్పెయినువారు సాంటా కాటలీనా యను సన్యాసినీమఠమును నిర్మించిరి. క్రిందిది ఇంకాల రాయి, పైది క్రైస్తవుల గోడ. రెండును స్త్రీలను లోపల నుంచుటకే కట్టబడినవి. ఆ లోపలివారెవరు, వారికి నీళ్లు మోసినదెవరు అను ప్రశ్న వేసికొన్నచో ఆ దేశచరిత్రలో సగము మనకు తెలియును.

ఇంకాల కాలమున రాజోద్యోగి యొకడు పల్లెపల్లెకు పోయి, రమారమి పదేండ్లు వచ్చిన బాలికలలో రూపవతులను, చుఱుకైనవారిని ఏరి తెచ్చెడివాడు. తల్లిదండ్రులు కాదనరాదు. వారిని ఇట్టి మందిరములందుంచి, మామకోనలను పెద్దముత్తైదువులవంటి గురువులు కొన్నేండ్లపాటు నూలు వడకుట, నేయుట, వండుట, మొక్కజొన్నతో చీచా యను పానీయము కాచుట, పూజావిధులు నేర్పెడివారు. కూస్కో మందిరమున 1,500 మందికి మించి కన్యలుండిరని గార్సిలాసో యను గ్రంథకర్త వ్రాసినాడు. ఇట్టి యిండ్లు రాజ్యమందలి ముఖ్యపట్టణములన్నిటను ఉండెడివి.

ఈ పని చిన్నదని తలపరాదు. ఇంకాల రాజ్యమున నాణెములు లేవు, లిపి లేదు. లెక్కలు ముడులువేసిన త్రాళ్లమీద నుండెడివి. ఊరివారు రాజునకు పనిచేసిపెట్టిన, రాజు వారికి విందు చేసి, బట్టలు పెట్టవలెను. సైనికునకు బహుమానము బట్ట. లొంగివచ్చిన సామంతునకు మర్యాద బట్ట. దేవునికి హోమము చేయునదియు బట్టయే. కుంబి యను సన్నని వస్త్రమును వారు బంగారముకంటె ఎక్కువగా నెంచిరి. ఆ బట్టయందు పెద్దభాగము, ఆ విందులందలి చీచాలో చాలభాగము ఈ కన్యల చేతులనుండి వచ్చినవే. రాజుయొక్క దాతృత్వ మనునది స్త్రీల వ్రేళ్లమీద నిలిచియుండెనన్న తప్పుకాదు.

చదువు ముగిసినపిమ్మట వారిగతి వారిచేతిలో లేదు. కొందఱు మామకోనలై అచ్చటనే వృద్ధులైరి. కొందఱిని రాజు తాను స్వీకరించెను. కొందఱిని అధికారులకు, సేనానులకు భార్యలుగా నిచ్చెను. బహుకొద్దిమందిని కొండదేవతలకు బలిగా పంపెడివారు. 1999లో అర్జెంటీనా చిలీ దేశముల సరిహద్దున, 22,000 అడుగుల యెత్తుగల యుయాయాకో శిఖరమున ముగ్గురు పిల్లల దేహములు చెడక మంచులో దొరకినవి. అందు పెద్దది పదుమూడేండ్లు మొదలు పదునేనేండ్ల లోపలి బాలిక. తలవాల్చి నిద్రించుచున్నట్లే యున్నది. ఆమె సన్నని జడలనుండి తీసిన వెండ్రుకలను శాస్త్రజ్ఞులు పరీక్షింపగా, చివరి సంవత్సరమున ఆమెకు మంచి భోజనమును, కడపటి వారములందు విస్తారముగ చీచాయు, కోకా యాకులును ఇచ్చిరని తేలినది. మన్ననయు మరణమును ఆ బిడ్డ కొక్క పళ్లెరముననే వడ్డింపబడినవి.

మందిరమునకు వెలుపలి సేవ రెండువిధములు. మొదటిది మీతా, అనగా వంతు. ప్రతి కుటుంబమును అయ్‌యు అను బంధుసముదాయమునకు చెందియుండెను. ఆ సముదాయమువారు వంతులవారీగా బాటలు వేయుటకు, గోడలు కట్టుటకు, యుద్ధమునకు పోవలెను. పోయినవాని పొలమును ఇంటివద్దనున్నవారు దున్నిపెట్టెదరు. పనియున్నన్నాళ్లు అన్నపానీయములు రాజు పెట్టును. వంతు తీరగనే ఇల్లు చేరును. రెండవది యానకోనల సేవ. వీరు తమ అయ్‌యునుండి వేఱుచేయబడి, రాజునకో ప్రభువునకో దేవాలయమునకో ఆజన్మము సేవకులైనవారు. వీరికి వంతుపని లేదు, గాని తిరిగిపోవుటకు ఇల్లును లేదు. టోపా ఇంకా యను రాజు తిరుగుబాటుదార్లను చంపింపబోగా రాణి యడ్డుపడి, వారిని తన సేవకు ఇమ్మని కోరెననియు, అదియే యానకోనల పుట్టుక యనియు ఒక పాతకథ గలదు. కథ నిజమైనను కాకున్నను, ప్రాణము దక్కినది, స్వస్థానము పోయినది అను అర్థము మాత్రము అందు స్పష్టము. వీరిలో కొందఱు రాజవిశ్వాసముచే గొప్ప పదవులకు వచ్చినవారును గలరు. కావున అందఱును బానిసలే యనుట పొరపాటు. అందఱును సుఖులే యనుటయు పొరపాటే.

1532వ సంవత్సరమున ఫ్రాన్సిస్కో పిజారో నాయకుడుగా స్పెయినువారు వచ్చిరి. ఆయన పంపిన సోటో యను దళపతి కాహాస్ అను ఊరు చేరి, అచ్చటి కన్యల మందిరమును తెఱపించి, ఆ స్త్రీలను బయటి మైదానమునకు రప్పించి తన సైనికులకు పంచెను. రాజును తప్ప పరపురుషుని చూడని గుమ్మము ఒక్కపూటలో తెఱచుకొనెను. ఆ నవంబరు 16వ తేదీన కహామార్కాలో ఇంకా ప్రభువగు అతావాల్పా పట్టుబడెను. మఱుసటి సంవత్సరము చంపబడెను. పలువురు యానకోనలు క్రొత్త దొరల ప్రక్కకు చేరిరి. వారినట్లు చేసినారని నిందించుటకు ముందు, తమవారనువారు లేనివాడు ఎవ్వరికి ద్రోహము చేయగలడో యోచింపవలెను.

పైని చెప్పిన గార్సిలాసో ఈ కాలపు బిడ్డయే. అతడు 1539లో కూస్కోలో జన్మించెను. తల్లి ఇంకా రాజవంశజ, చింపు ఓక్యో. తండ్రి స్పెయిను సేనాని. తండ్రి ఆమెను పెండ్లాడలేదు. కొన్నేండ్లకు ఒక స్పెయిను కన్యను వివాహమై, ఆమెను వేఱొకని కిచ్చి పంపివేసెను. రాజపుత్రిక గతియే ఇట్లుండ, రైతుబిడ్డ మాట చెప్పవలసినది లేదు. కొడుకు స్పెయినునకు పోయి, తల్లి వంశచరిత్రమును 1609లో అచ్చొత్తించినాడు.

క్రొత్త ప్రభువులు పాతపేరు నుంచి పాతధర్మమును తీసివేసిరి. 1545లో నేటి బొలీవియాయందలి పొటోసి కొండలో వెండి కనబడెను. 1570లలో టోలెడో యను రాజప్రతినిధి ఇంకాల మీతానే ఆ గనులకు త్రిప్పెను. నియమితమైన మండలములలో వయసు వచ్చిన పురుషులందు ఏడవవంతు ప్రతిసంవత్సరము పోవలెను. ఏటికి రమారమి 13,500 మంది. భార్యాబిడ్డలను, లామాలపై తిండిగింజలను వెంటబెట్టుకొని, కొందఱు నెలలతరబడి నడచి, 13,000 అడుగుల యెత్తునున్న ఆ చలిపట్టణము చేరిరి. కూలి యనునది ఉండెను గాని పొట్టకు చాలదు. భార్యలు వంటచేసిరి, అంగడిలో తినుబండారము లమ్మిరి, రాళ్లలో వెండిరాళ్లు ఏరిరి. ఇంకా ప్రభువుల కాలమున వంతు ముగియగానే విందు. ఇచ్చట వంతు ముగియకముందే అప్పు. ఇల్లు చేరనొల్లక దారితప్పి పోయి, ఏదో యొక జమీనులో యానకోనలుగా కుదిరినవారు వేలకొలది.

ఆ వెండి మనకును దూరముది కాదు. 17వ శతాబ్దమున డచ్చివారు, ఇంగ్లీషువారు మచిలీపట్టణపు రేవులో మన కలంకారీ బట్టలకు, నూలుబట్టలకు ఇచ్చిన సొమ్ములో స్పెయినువారి అమెరికా గనుల వెండి చాల గలదు. మన నేతగాని యింట మ్రోగిన వెండిలో కొంత ఆ కొండలోనిదై యుండును.

స్త్రీల కష్టమును బొమ్మలతోసహా వ్రాసిపెట్టినవాడు గువామన్ పోమా యను క్వెచువా పెద్దమనిషి. 1615 ప్రాంతమున స్పెయిను రాజునకు దాదాపు 1,200 పుటల విన్నపము, నందు 398 చిత్రములు సిద్ధపఱచినాడు. అది డెన్మార్కు రాజగ్రంథాలయమున చిరకాలముండి 1908లో పండితుల కంటబడినది. ఇంకాలనాడు తొమ్మిది మొదలు పండ్రెండేండ్ల బాలికలు ఉన్నికి రంగువేయుటకు పూవులు కోయుటను అతడు ఒక పుటలో చిత్రించెను. మఱియొక పుటలో మగ్గము ముందు కూర్చుండి కన్నీరు కార్చుచున్న స్త్రీని, ఆమెను కొట్టుచున్న మతగురువును చిత్రించెను. పనియొక్కటే, నేత. మొదటిదాని పిమ్మట రెండవదానిని చూచినపుడు ఏమి పోయినదో వేఱుగా చెప్పనక్కఱలేదు.

ఇక మఠముల మాట. 1558లో కూస్కోలో స్థాపింపబడిన సాంటా క్లారా మఠము, స్పెయిను తండ్రులకు ఇంకా తల్లులకు పుట్టిన బాలికలను పెంచుటకై యేర్పడినది. కొలదికాలములోనే అందు రెండు ముసుగులు వచ్చినవి. స్పెయిను కన్యలకు నల్లముసుగు, పెత్తనము. మిశ్రజాతి కన్యలకు తెల్లముసుగు, తక్కువ స్థానము. ప్రభువు ముందు అందఱును సమానులని పాడుకొను మందిరములోపల కూడ నేల తుడుచునదెవరో గుడ్డరంగు చెప్పెడిది.

దీనిని కన్నులార చూడవలెనన్న అరెకీపా నగరమునకు పోవలెను. 1579లో స్థాపింపబడిన అచ్చటి సాంటా కాటలీనా మఠము పట్టణములో పట్టణము. తెల్లని అగ్నిపర్వతశిలతో కట్టి, గోడలకు ఎఱుపు నీలము రంగులు పూసి, సందులకు టోలెడో, సెవిల్, గ్రనడా యని స్పెయినునగరముల పేర్లు పెట్టిరి. ధనికులు పెద్దకట్నములతో తమ కుమార్తెలను ఇందు ప్రవేశపెట్టెడివారు. దేవుని పెండ్లాడుటకును కట్నము తప్పలేదు. వారితోకూడ సేవకురాండ్రును వచ్చిరి. స్థానికజాతుల స్త్రీలును, పెరూలో 1854లో బానిసత్వము రద్దగువఱకు ఆఫ్రికాజాతి బానిసస్త్రీలును వీరిలో గలరు. 1871లో పోపు పంపిన సిస్టర్ హోసెఫా కాదేనా యను కఠినురాలు వచ్చి, ఆడంబరములు మాన్పించి, సేవకురాండ్రను విడిపించి, ఉండదలచినవారిని సన్యాసినులుగా ఉండనిచ్చెను. 1970లో మఠమందు పెద్దభాగము యాత్రికులకు తెఱవబడినది. పొగచూరి నల్లనైన వంటిండ్లు నేటికిని అచ్చట గలవు. చాకిరేవున 20 పెద్దబానలను నిలువున రెండుచేసి వరుసగా పండబెట్టినారు. నడిమికాలువలోని నీరు వానిలో పడును. కొన్ని గదుల వాకిళ్లమీద అందు వసించిన సన్యాసిని పేరు గలదు. ఆ బానవద్ద వంగి ఆమె బట్టలుదికినదాని పేరు అచ్చట లేదు.

ఈ వ్యవస్థ ఒక్కనాట కూలలేదు. 1780లో టూపాక్ అమారు మీతాకు వ్యతిరేకముగ తిరుగబడినపుడు ఆయన భార్య మికాయెలా బాస్టిడాస్ సేనలకు తిండి, ఆయుధములు, ఆజ్ఞలు తానే నడపినది. 1781 మే 18వ తేదీన కూస్కో చౌకమందే, ఈ కన్నెల మందిరమునకు కూతవేటు దూరమున, ఆమెను భర్త యెదుట చంపిరి. మీతా 1812లో శాసనముచే రద్దయి, 1825లో బొలివారు కాలమున పూర్తిగా పోయెను. అయినను జమీనులలో రైతు వంతువేసికొని దొరయింట ఊడిగము చేయు ఆచారము పెరూలో 1969 భూసంస్కరణ వఱకు నిలిచినది. ఇండ్లలో పనిచేయువారికి వ్రాతపూర్వకమైన ఒడంబడిక, కనీసవేతనము, సెలవులు ఉండవలెననియు, పదునెనిమిదేండ్లు నిండనివారిని పెట్టుకొనరాదనియు శాసనము 2020లో వచ్చినది. అట్టి పనివారిలో మిక్కిలి పెద్దభాగము స్త్రీలే. కొండపల్లెలనుండి చిన్ననాడే పట్టణము చేరినవారు వారిలో అనేకులు.

సోదరీమణులారా! పదేండ్ల బాలికను ఇల్లు విడిపించుటకు రాజు మన్నన యని పేరుపెట్టెను, మతము పుణ్యమని పేరుపెట్టెను, గృహస్థుడు పోషణ యని పేరుపెట్టెను. పేరేదైనను ఆ బిడ్డ అడుగవలసిన ప్రశ్న ఒక్కటే: నేను మరల మాయింటికి పోవచ్చునా? వంతు తీరి ఇల్లుచేరినవాడు పనివాడు, చేరలేనిది దాసి. లోరెటో సందులోని ఆ రాతిగోడకు నాలుగైదు శతాబ్దములు గడచినను బీట లేదు. లోపలనుండి తెఱచుకొను తలుపు మాత్రము దానికి ఆనాడు లేదు.