ఇక్కడ పూజ జరుగుతుందా?

హనోయ్ నుంచి

బాబాయ్ గారికి,

ఫోనులో ఫొటోలు చూసే ఓపిక లేదు, ఉత్తరాలు రాయండి, వీరాస్వామయ్య రాయలేదూ అన్నారు. ఆ పోలిక కొత్తగూడ నుంచి టూరుకు వచ్చిన ఈ బృందానికి కాస్త పెద్దదే. ఏనుగుల వీరాస్వామయ్య మద్రాసు సుప్రీంకోర్టులో దుబాసీ. 1830 మే 18న కాశీకి బయల్దేరి, దారిలో హైదరాబాదు కూడా చూసుకుని, 1831 సెప్టెంబరు 3న ఇల్లు చేరాడు. స్నేహితుడు కోమలేశ్వరపురం శ్రీనివాస పిళ్లె కోసం దారి పొడుగునా రాసిన సంగతులే 1838లో ‘కాశీయాత్ర చరిత్ర’గా అచ్చయ్యాయి. కొత్తగూడ బృందానికి అన్ని నెలల సెలవు ఎవరిస్తారు? మూడు దేశాలు, ఒక జెండా పట్టుకున్న టూర్ మేనేజరు, ఒక ఏసీ బస్సు.

అయితే ఒక్క దగ్గర పోలిక కుదురుతుంది. వీరాస్వామయ్య ఒంటరిగా వెళ్లలేదు. డేరాలు, బోయీలు, పరివారం, బంధుమిత్రులు, అంతా కలిపి దాదాపు వంద మంది. గుంపుతో వెళ్లడం నామోషీ అని హైటెక్ సిటీ కుర్రాళ్లు ఈమధ్య అనుకుంటున్నారు గానీ, మన పెద్దలకు దూరప్రయాణం అంటేనే గుంపు.

ఈ గుంపులో సగం మంది ఐటీ ఉద్యోగుల తల్లిదండ్రులు. కొత్తగూడ, కొండాపూర్, మాదాపూర్ ఫ్లాట్లలో మనవల్ని చూసుకుంటూ ఉండేవాళ్లు. డబ్బు పిల్లలు కట్టారు. అందులో ఒక మెలిక ఉంది, మీరూ తెలుసుకోండి. విదేశీ టూర్ ప్యాకేజీ మీద 2020 అక్టోబరు 1 నుంచి టీసీఎస్ పేరుతో ముందే పన్ను పట్టుకుంటున్నారు. రిటర్ను వేసేవాళ్లకు అది సర్దుబాటు అవుతుంది. రిటర్ను వేసే అలవాటు లేని అమ్మానాన్నల పాన్ నంబరు మీద బుక్ చేస్తే మాత్రం, వాళ్లు రిటర్ను వేస్తే తప్ప ఆ డబ్బు తిరిగి రాదు. బస్సులో ఇద్దరు పెద్దమనుషులు ఈ సంగతి ఇక్కడికొచ్చాకే తెలుసుకుని కొడుకులకు ఫోన్లు చేశారు.

నల్లగొండ నుంచి వచ్చిన పెద్దమ్మ ఒకావిడ ఉంది. బస్సు ఏ గుడి ముందు ఆగినా గైడును ఒక్కటే అడుగుతుంది: “ఇక్కడ పూజ జరుగుతుందా?” ఎవరు కట్టారు, ఎప్పుడు కట్టారు అన్నవి ఆవిడకు తర్వాతి మాట. మొదటిరోజు బృందంలోని ఒక కుర్రజంట నవ్వుకుంది. కానీ ఈ యాత్రలో అంతకన్నా మంచి ప్రశ్న ఇంతవరకు ఎవరూ వేయలేదు.

హనోయ్‌లో జవాబు తేలిగ్గానే దొరికింది. వెస్ట్ లేక్ ఒడ్డున ఉన్న ట్రాన్ క్వాక్ పగోడా ఆరో శతాబ్దం నాటిది. ఆఫీసుకు వెళ్తూ స్కూటర్ ఆపి అగరొత్తులు వెలిగించేవాళ్లు, పళ్లు, పూలు, చివరికి బిస్కెట్ పెట్టెలు కూడా నైవేద్యం పెట్టేవాళ్లు కనిపించారు. 1070లో కట్టిన సాహిత్య దేవాలయం కన్ఫ్యూషియస్‌ది. అక్కడ రాతి తాబేళ్ల వీపుల మీద 82 శిలాఫలకాలు నిలబెట్టి ఉన్నాయి. 1442 నుంచి 1779 వరకు రాజుగారి పరీక్షల్లో నెగ్గినవాళ్ల పేర్లు వాటి మీద చెక్కారు. నేటి విద్యార్థులు పరీక్షల ముందు వచ్చి ఆ తాబేళ్ల తలలు నిమిరేవారు. రాయి అరిగిపోతోందని ఇప్పుడు కంచె వేశారు. వీసా కోసం చిలుకూరు గుడిలో ప్రదక్షిణలు చేసే మన ఊరివాళ్లకు ఇది విడమరిచి చెప్పక్కర్లేదు.

హలాంగ్ బేలో గుళ్ల ప్రసక్తి లేదు. సముద్రంలోంచి లేచిన సున్నపురాతి గుట్టలు దాదాపు 1,600. యునెస్కో 1994లోనే జాబితాలో చేర్చింది. పడవ ఎక్కగానే లైఫ్‌జాకెట్ వేసుకోమంటే ఉక్కపోతని గొణిగినవాళ్లు, 2025 జులైలో ఇక్కడే గాలివానకు టూరిస్టు పడవ తిరగబడి ముప్పై మందికి పైగా పోయారని విన్నాక చప్పుడు చేయకుండా బెల్టులు బిగించారు.

హోయ్ ఆన్ నుంచి

బాబాయ్ గారికి,

మీరు అడిగిన ‘మీ సాన్’ ఇక్కడికి నలభై కిలోమీటర్ల దూరం. చుట్టూ కొండలు, మధ్యలో లోయ, లోయలో ఎర్ర ఇటుక గుళ్లు. నాలుగో శతాబ్దంలో భద్రవర్మ అనే చాంపా రాజు భద్రేశ్వరుడి పేరుతో శివుణ్ణి ఇక్కడ నిలిపాడు. తర్వాత పదమూడో శతాబ్దం దాకా రాజు తర్వాత రాజు కడుతూనే పోయారు. శాసనాలు సంస్కృతంలోనూ చామ్ భాషలోనూ ఉన్నాయి. ఇటుకల మధ్య అతుకు కనిపించదు. దేనితో అతికించారన్న దాని మీద గైడు గైడుకో కథ.

ఈ ప్రాంతాన్ని చాంపా కాలంలో అమరావతి అనేవారని గైడు చెప్పగానే బృందంలోని గుంటూరు దంపతులు సీట్లోంచి లేచారు. “మన అమరావతే!” ఇంద్రుడి ఊరి పేరు, ఎవరైనా పెట్టుకోవచ్చు. అక్కడి నుంచే ఇక్కడికి వచ్చిందని సెల్ఫీ కింద రాసెయ్యడం మాత్రం తొందరపాటు. రాసేశారు కూడా.

“ఇక్కడ పూజ జరుగుతుందా?” అని పెద్దమ్మ అడిగింది. జరగదు. గైడు లోయ అంచున గడ్డి మొలిచిన గుంటలు చూపించాడు. వియత్నాం యుద్ధంలో గెరిల్లాలు ఇక్కడ తలదాచుకున్నారని 1969లో అమెరికా విమానాలు వేసిన బాంబుల గుంటలు అవి. అన్నిటికన్నా పెద్దదైన గోపురం అప్పుడే కూలింది. 1980ల్లో కాజిమియెర్జ్ క్వియాట్కోవ్‌స్కీ అనే పోలండ్ వాస్తుశిల్పి వచ్చి, మిగిలిన గోడల్ని నిలబెట్టే పనిలో ఏళ్ల తరబడి ఉండిపోయాడు. 1997లో ఈ దేశంలోనే కన్నుమూశాడు. హోయ్ ఆన్ ఊళ్లో ఆయన విగ్రహం ఉంది. టూర్ ప్రోగ్రాంలో దాని పేరు లేదు. లాంతర్లు కొనడానికి నడుస్తూ పోతే దారిలో కనిపించింది.

తర్వాత మన భారత పురావస్తు శాఖ 2017 నుంచి 2022 దాకా మూడు గుళ్ల సముదాయాలను బాగుచేసింది. 2020లో ఆ పనుల్లోనే తొమ్మిదో శతాబ్దం నాటి ఏకశిలా శివలింగం బయటపడింది. పెద్దమ్మ దాని ముందు నిలబడి చెంపలేసుకుని, పర్సులోంచి విభూతి పొట్లం తీసింది. గార్డు వద్దన్నాడు. ఆవిడ వాదించలేదు, పొట్లం మళ్లీ పర్సులో పెట్టుకుంది. ఆ గార్డుదీ తప్పు కాదు. విభూతి రాయడం మొదలైతే నెలలోపు ఆ లింగం రంగు మారిపోతుంది.

భోజనం సంగతి అడుగుతారు. వియత్నాంలో కూరగాయల కూరలోనూ చేపల సాస్ ఉంటుంది. శాకాహారం అని వియత్నామీస్‌లో రాసిన కార్డు మేనేజరు అందరి మెడలోనూ వేశాడు. అయినా రాత్రి హోటల్ గదుల్లో బయటికి వచ్చేవి ఆవకాయ, కందిపొడి, కరెంటు కుక్కరే.

సియెం రీప్ నుంచి

బాబాయ్ గారికి,

ఈ ఉత్తరం పొడుగ్గానే ఉంటుంది. మిగతా యాత్రంతా ఒక ఎత్తు, అంగ్‌కోర్ ఒక ఎత్తు.

ముందు ప్రోగ్రాం మీద ఒక ఫిర్యాదు. అంగ్‌కోర్ వాట్‌కు రెండు గంటలు, పట్టుబట్టల దుకాణానికి గంటన్నర. టూర్ ధర తక్కువగా కనిపించే చోట లోపల జరిగే సర్దుబాటు ఇదే. దుకాణం నుంచి కమిషన్ వస్తుంది, గుడి నుంచి రాదు. అంగ్‌కోర్ పాస్ ఒకరోజుకు 37 డాలర్లు, మూడురోజులకు 62. ఒకరోజు పాస్‌తో తీసుకొచ్చే కంపెనీకీ, మూడురోజుల పాస్‌తో తీసుకొచ్చే కంపెనీకీ తేడా ఎంతో డబ్బు కట్టేముందే అడగాలి. మన అపార్ట్‌మెంటులో ఎవరైనా బయల్దేరుతుంటే ఈ ఒక్క మాట చెప్పండి.

పన్నెండో శతాబ్దపు మొదటి సగంలో రెండో సూర్యవర్మ విష్ణువు కోసం కట్టిన గుడి ఇది. ద్వారం పడమటికి. చుట్టూ కందకం వెడల్పే 190 మీటర్లు. రాయి కూలెన్ కొండల నుంచి తెచ్చారు. తర్వాతి కాలంలో బౌద్ధుల చేతికి వచ్చినా గుడిని పాడుపెట్టలేదు. ఆవరణలో నేటికీ భిక్షువులు ఉంటారు. కాంబోడియా జెండా మీద ఉన్నది ఈ గుడి బొమ్మే.

“ఇక్కడ పూజ జరుగుతుందా?”

గైడు నవ్వి పడమటి గోపురంలోకి తీసుకెళ్లాడు. అక్కడ ఎనిమిది చేతుల విష్ణువు నిలువెత్తు విగ్రహం, ఒంటిమీద నారింజ రంగు బట్ట, ముందు అగరొత్తుల పొగ. ఊళ్లోవాళ్లు తా రీచ్ అంటారు. బౌద్ధులే వచ్చి మొక్కుకుంటారు, పెళ్లయితే వస్తారు, మొక్కు తీరితే వస్తారు. పెద్దమ్మ అక్కడే కూర్చుండిపోయింది. మేనేజరు జెండా ఊపినా లేవలేదు. రెండు గంటల్లో పావుగంట అక్కడే పోయింది. అది దండగ అనుకున్నవాళ్లు ఎవరూ లేరు.

లోపలి గోడల మీది శిల్పాల దగ్గర గైడుకూ బృందానికీ పాత్రలు తారుమారయ్యాయి. పడమటి వసారాలో దక్షిణం వైపు కురుక్షేత్రం. అంపశయ్య మీద పడుకున్నది ఎవరో గైడు చెప్పేలోపే అరడజను గొంతులు “భీష్ముడు!” అన్నాయి. ఉత్తరం వైపు లంకాయుద్ధం. తూర్పున 49 మీటర్ల పొడవున సముద్రమథనం. మధ్యలో విష్ణువు, ఇటూ అటూ వాసుకిని పట్టి లాగే దేవతలు, అసురులు, కింద నీళ్లలో రెండు ముక్కలైన చేపలు, మొసళ్లు. రిటైరైన తెలుగు మాస్టారొకరు భాగవతంలో ఎనిమిదో స్కంధం అందుకున్నారు. పక్కన జర్మన్ల గుంపు కూడా ఆగి విన్నది. వాళ్లకు అర్థమైంది గొంతు మాత్రమే.

పై అంతస్తుకు ఎక్కాలంటే భుజాలు, మోకాళ్లు కప్పుకోవాలి. చుడీదార్ వేసుకున్న ఆడవాళ్లు నేరుగా ఎక్కారు. నిక్కర్లలో వచ్చిన నలుగురు మగవాళ్లు కింద నిలబడి కొబ్బరిబోండాలు తాగారు.

ఇక్కడా మన పురావస్తు శాఖ చెయ్యి ఉంది. 1975 నుంచి 1979 దాకా ఖ్మేర్ రూజ్ పాలన దేశాన్ని నాశనం చేశాక, అంతర్యుద్ధం ఇంకా ముగియని రోజుల్లో, 1986లో మనవాళ్లు అంగ్‌కోర్ వాట్‌లో పనికి దిగారు. 1993 దాకా చేశారు. రసాయనాలతో కడగడం వల్ల రాయి దెబ్బతిందని విదేశీ నిపుణులు గట్టిగానే విమర్శించారు. ఆ రెండో సగం మన గైడు చెప్పలేదు, మర్యాద కోసమే కావచ్చు. తా ప్రోమ్‌లో మాత్రం మనవాళ్ల పని వేరే తీరుగా ఉంది. ఏడో జయవర్మ 1186లో తల్లి పేరిట కట్టించిన ఆ గుడిని చెట్ల వేళ్లు పట్టుకున్నాయి. వేరు తీస్తే గోడ పడుతుంది, వేరు పెరిగితే గోడ చీలుతుంది. అందుకే ఏ రాయికా రాయిగా, ఏ చెట్టుకా చెట్టుగా ఆలోచించి చేస్తున్నారు. శాసనం ప్రకారం ఆ ఆవరణలో ఒకప్పుడు 12,640 మంది ఉండేవారు, అందులో నాట్యకత్తెలే 615 మంది. ఇప్పుడు ఎవరూ ఉండరు. పెద్దమ్మ ఇక్కడ ప్రశ్న అడగలేదు. ఊడలు చూసి, “మన పిల్లలమర్రిని ఇక్కడికి తెచ్చి గుడిమీద నాటినట్టుంది” అంది.

సాయంత్రం టోన్లే సాప్ సరస్సు. వానాకాలంలో మెకాంగ్ పోటెత్తితే దాని ఉపనది వెనక్కి తిరిగి సరస్సులోకి పారుతుంది. ఎండాకాలం 2,500 చదరపు కిలోమీటర్లుండే నీరు అప్పుడు 15,000 దాకా పరుచుకుంటుంది. వానలు తగ్గాక మళ్లీ దిశ మారుతుంది. నవంబరులో నీళ్ల పండుగ, పడవ పందేలు అప్పుడే. అన్నివేల మందిని పోషించిన అంగ్‌కోర్‌కు చేపలు, వరి ఎక్కడివో ఈ సరస్సు చూశాకే అర్థమవుతుంది. ప్రోగ్రాంలో దీన్ని ‘ఐచ్ఛికం’ అని పెట్టారు.

బ్యాంకాక్ నుంచి

బాబాయ్ గారికి,

ట్రాఫిక్‌లో కూర్చుంటే సాయంత్రం ఆరుగంటలప్పటి గచ్చిబౌలి గుర్తొచ్చింది, అంతకంటే చెప్పేదేం లేదు.

1782లో మొదలైన రాజభవనం ఆవరణలో, మరకత బుద్ధుడి గుడి చుట్టూ వసారాల్లో రామాయణం 178 చిత్రాల్లో ఉంది. థాయిల రామాయణంలో హనుమంతుడు బ్రహ్మచారి కాడు. సముద్రంలో వారధి రాళ్లు ఎత్తుకుపోతున్న మత్స్యకన్యతో ప్రేమలో పడతాడు. ఆవిడ రావణుడి కూతురు. మాస్టారు ఇది విని కొంచెంసేపు మాట్లాడలేదు. తర్వాత, మన దగ్గరా హనుమంతుడి కొడుకు మత్స్యవల్లభుడి కథ ఉండనే ఉంది కదా అని ఆయనే సమాధానపడ్డారు.

ఎరవాన్ మందిరం రోడ్డు కూడలిలో ఉంది. 1956లో హోటల్ కడుతుంటే ప్రమాదాలు జరుగుతున్నాయని నాలుగు ముఖాల బ్రహ్మను నిలిపారు. ఇప్పుడు బంతిపూల దండలు, కోరిక తీరితే డబ్బు కట్టి ఆడించే నాట్యం, కిటకిటలాడే జనం. బ్రహ్మకు గుడి ఉండదని ఎవరో అనబోతే, చేబ్రోలులో వాసిరెడ్డి వెంకటాద్రినాయుడు కట్టించిన చతుర్ముఖ బ్రహ్మ గుడి లేదా అని గుంటూరు దంపతులు నోరు మూయించారు. ఈసారి వాళ్ల మాటే నిజం.

ఆఖరిరోజు మధ్యాహ్నం బస్సు షాపింగ్ మాల్‌కు వెళ్లింది. పెద్దమ్మ, మాస్టారు, మరో ఇద్దరు ట్యాక్సీ కట్టించుకుని 1784 నాటి దేవస్థాన్‌కు వెళ్లారు. శివుడికి, వినాయకుడికి, నారాయణుడికి మూడు చిన్న గుళ్లు. రాజుగారి కొలువులో ఉన్న బ్రాహ్మణుల గుడి ఇది. వీళ్ల పూర్వీకులు దక్షిణ భారతం నుంచి వచ్చినవాళ్లు. ధనుర్మాసం రోజుల్లో వీళ్లు చదివే మంత్రాల్లో తమిళ తిరువెంబావై పద్యాలు ఉన్నాయి. తరాల మీద ఉచ్చారణ మారిపోయి తమిళులకే అంత తేలిగ్గా అర్థం కావు. మే నెలలో రాజలాంఛనాలతో జరిగే నాగలి పండుగ కూడా వీళ్ల చేతి మీదుగానే. ఎద్దుల ముందు గింజలు, గడ్డి, నీళ్లు, సారా పెట్టి, అవి దేన్ని ముట్టుకుంటే దాన్నిబట్టి ఆ ఏటి పంట చెబుతారు. మన ఏరువాక తెలిసిన మాస్టారు దీనికి నోటుబుక్కులో ఒక పేజీ కేటాయించారు. ఎదురుగా ఉన్న పెద్ద ఎర్ర ఉయ్యాల స్తంభాల మీద ఊగే వేడుక మాత్రం 1935లో ఆపేశారు.

పెద్దమ్మ ఇక్కడ కొత్త ప్రశ్న వేసింది: “వీళ్లకు జీతం ఎవరిస్తారు?” రాజభవనం అని ట్యాక్సీ డ్రైవరే ఫోను యాప్‌లో మాట్లాడి చెప్పాడు. ఊళ్లో వాళ్ల శివాలయం పూజారికి ధూపదీప నైవేద్యం డబ్బులు ఆలస్యంగా వస్తాయట, ఆ సంగతి డ్రైవరుకు వివరంగా చెప్పింది. యాప్ దాన్ని థాయిలోకి ఏమని మార్చిందో గానీ అతను చాలాసేపు తలూపాడు.

రేపు రాత్రి బృందం శంషాబాద్‌లో దిగుతుంది. ఇంటికి రావడానికి పుష్పక్ బస్సు చాలు, కారు పంపొద్దు. మీకు కావాలన్న మీ సాన్ పుస్తకం ఇంగ్లీషులో దొరికింది, ఫ్రెంచిది దొరకలేదు.