భద్రావతి గుహలో మూగ వేషం

దీపావళి వెళ్ళిన ఆదివారం నాగపూర్ నుంచి పిల్లాడితో, మామయ్యగారితో భద్రావతి వెళ్ళాం. రైల్లో వెళితే భాందక్ స్టేషన్లో దిగాలి. ఊరికి అదే పాత పేరు. భద్రనాగ మందిరం, జైనుల పార్శ్వనాథ మందిరం చూసి బయటికొచ్చేసరికి ఎదురుగా గోడ మీద ఝాడీపట్టీ నాటకం పోస్టరు కనిపించింది. పంట ఇంటికొచ్చాక చంద్రపూర్, గడ్చిరోలి పల్లెల్లో తెల్లవార్లూ ఆడే మరాఠీ నాటకాలవి.

మామయ్యగారు అక్కడే నిలబడిపోయారు. ఆయనది నెల్లూరు. వయసులో అర్జునుడి వేషం కట్టి పద్యం ఎత్తుకుంటే వన్స్‌మోర్లు పడేవట! మూడేళ్ళ క్రితం గొంతుకి ఆపరేషనయింది. ఇప్పుడు మాట గాలిలా వస్తుంది. చెప్పదలచుకున్నది జేబులోని పుస్తకంలో రాసి చూపిస్తారు.

విజాసన్ గుహల దగ్గర మావాడు అడగనే అడిగాడు, "గొంతు లేకపోతే ఇంక వేషాలుండవా తాతయ్యా?" అని. నేను గుడ్లురిమాను. ఆయన మాత్రం నవ్వి, "వై.వి.రావు" అని రాసి, చెప్పమన్నట్టు నాకేసి చూశారు.

యరగుడిపాటి వరదరావు 1903లో నెల్లూరులో పుట్టారు. నాటకాల్లో వేషాలు కట్టి, మూకీల కోసం బొంబాయి చేరారు. మన నాటకానికి పద్యమే ప్రాణం కదా, దాన్ని ఇంట్లో వదిలేసి వెళ్ళడమంటే మాటలా! కెమెరా ముందు కళ్ళు, చేతులు, నడక తప్ప వేరే ఆస్తి లేదు. కథ తెరమీద అక్షరాల్లో పడేది. చదువురాని వాళ్ళకోసం హాల్లో ఒకాయన పైకి చదివి వినిపించేవాడు. మద్రాసులో రఘుపతి ప్రకాష్ 'భీష్మ ప్రతిజ్ఞ' తీసింది 1921లో. రావుగారు 1930లో 'పాండవ నిర్వాణ', 1932లో 'హరిమాయ' మూకీలకు దర్శకత్వం వహించారు. 1934లో మన మహారాష్ట్రలోనే, కొల్హాపూర్లో, తొలి కన్నడ టాకీ 'సతీ సులోచన' తీశారు. తెలుగువాడు మరాఠీ గడ్డమీద కన్నడం పలికించాడన్నమాట! ఆనాటి మూకీలు చాలావరకు మిగల్లేదు. 1933 నాటి 'మార్తాండవర్మ' మాత్రం పుణే ఫిల్మ్ ఆర్కైవ్స్‌లో ఉంది.

విజాసన్ గుహ కొండలోకి తిన్నగా తొలిచిన నడవ. అటూ ఇటూ రెండు పాయలు. చివర బుద్ధుడు. లోపల చీకటి, టార్చి తప్పనిసరి. మావాడు టార్చి వేయగానే మామయ్యగారు ఆ వెలుగులోకి వచ్చి నిలబడ్డారు. ఉత్తరీయం బిగించారు. లేని విల్లు ఎత్తి, నారి లాగి, ఎదుటివాణ్ణి చూసి, మెల్లగా దించేశారు. చెయ్యి వణికింది. అది వేషంలోదో, వయసుదో నాకు తెలీలేదు.

"అర్జునుడు! అవతల వాళ్ళ తాతయ్య ఉన్నాడు, అందుకే కొట్టలేదు," అన్నాడు వాడు.

తెలుగు పద్యం ఒక్కటి కూడా రాదు వాడికి. నేర్పలేదని మామయ్యగారు ఇంతకాలం నన్నేం అనలేదు గానీ, నాకా లోటు తెలుసు.

తిరిగొస్తూ పోస్టరు దగ్గర ఆగి ఆయన నాటకం తేదీ పుస్తకంలో రాసుకున్నారు. ఇంటికెళ్ళగానే ముగ్గురి స్వెట్టర్లూ తీసి ఎండలో వేశాను.