పేరులో చక్కెర... పళ్ళెంలో గుడ్డు!

సినిమాలో జంతువు కనబడితే చాలు, హాల్లో ఈలలు మొదలవుతాయి. 1971లో 'హాథీ మేరే సాథీ'కి ఏనుగుల కోసమే రెండోసారి వెళ్ళామని చెప్పే పెద్దవాళ్ళు మన ఇళ్ళల్లో ఇప్పటికీ ఉన్నారు. 1993లో ఎస్.వి. కృష్ణారెడ్డి తీసిన 'రాజేంద్రుడు-గజేంద్రుడు'లో హీరోగారికి ఏకంగా లాటరీలో ఏనుగే తగిలింది! నవ్వుకున్నాం, చప్పట్లు కొట్టాం, ఇంటికొచ్చేశాం. కానీ ఆ నటుడు పొద్దున్న ఏం తిన్నాడు, రాత్రి ఏం తిన్నాడు అని మనలో ఎవరైనా అడిగామా? టైటిల్స్‌లో హీరో పేరు పడుతుంది, హీరోయిన్ పేరు పడుతుంది. మేత మోసినవాడి పేరు మాత్రం వెతికినా దొరకదు!

ఈ ప్రశ్న నాకు ఏ స్టూడియోలోనో తట్టలేదు. జగిత్యాల జిల్లా మల్లాపూర్‌లో, మా అక్క ఇంట్లో తట్టింది.

మా మేనల్లుడు హైదరాబాద్‌లో చదువుతున్నాడు. వయసు ఇరవై రెండు. పోయిన వేసవి సెలవులకు వస్తూ వస్తూ ఒక పంజరం మోసుకొచ్చాడు. అందులో గుడ్డ సంచి, సంచిలో రెండు బూడిదరంగు ప్రాణులు. ముక్కు నుంచి తోక దాకా నల్లచార, మొహమంతా కళ్ళే! పేర్లు కూడా సినిమావే. మగదానికి 'చిట్టి', ఆడదానికి 'సన'. రజనీకాంత్ 'రోబో' చిట్టికి కరెంటు పెడితే సరిపోయింది. ఈ చిట్టికి మాత్రం తిండి కావాలి మరి!

వాడి బాపమ్మ పంజరం చుట్టూ రెండుసార్లు తిరిగింది.

"గిదేం ఎల్కనా, ఉడ్తనా బిడ్డా? గంతంత కండ్లు వెట్టుకొని గట్ల సూస్తది!"

"షుగర్ గ్లైడర్ బాపమ్మా! ఆస్ట్రేలియాది. గాల్లో తేలుతది."

"షుగరా? గది నాకున్నది సాలదా!"

నవ్వకండి. ఆవిడ అన్నమాటలో అసలు కథంతా ఉంది. మల్లాపూర్ మండలంలోనే ముత్యంపేట ఉంది. అక్కడి చక్కెర ఫ్యాక్టరీ 2015 డిసెంబరులో మూతపడింది. చెరకు బండ్ల వరుసలు చూసి పెరిగినవాళ్ళు ఇప్పుడు అవే చేలల్లో పసుపు, మక్క, వరి చూస్తున్నారు. చక్కెర పోయిన ఊరికి చక్కెర పేరు పెట్టుకుని ఓ అతిథి వస్తే ముద్దు చేయకుండా ఉంటారా? చుట్టుపక్కల పిల్లలందరూ తలో తీపి పట్టుకొచ్చారు. ఒకడు బెల్లంముక్క, ఒకడు అరటిపండు, ఒకడు చాక్లెట్!

నేను అప్పుడు సినిమా వ్యాసాల పని మీద కరీంనగర్ వచ్చి, అక్కను చూసిపోదామని నాలుగు రోజులు ఆగాను. రాత్రి తొమ్మిదైతే గానీ ఆ జంట నిద్రలేచేది కాదు. ముందుకాలి నుంచి వెనుకకాలి దాకా ఒంటికి చర్మం పొర ఉంటుంది. దాన్ని గొడుగులా పరుచుకుని సన అటక మీంచి మా బావ భుజం మీదికి తేలివచ్చింది చూడండి... 1980లో 'సూపర్‌మాన్'గా ఎన్.టి.రామారావుగారు ఎగిరినప్పుడు కూడా మా బావ అంత ఆశ్చర్యపోయి ఉండడు! అడవిలో అయితే ఈ జాతి ఒక చెట్టు నుంచి ఇంకో చెట్టుకి యాభై మీటర్ల దాకా తేలిపోగలదట. బరువేమో నూట యాభై గ్రాములకు అటూ ఇటూ.

చిట్టి మాత్రం ఎగరలేదు. ముందుకాళ్ళతో పాకుతోంది. వెనుకకాళ్ళు ఈడ్చుకొస్తోంది.

"రెండు రోజులసంది గిట్లనే ఉన్నది మామా," అన్నాడు మేనల్లుడు. గొంతు బొంగురుపోయింది. "ఎక్కడన్నా పడ్డదేమో."

"ఏం పెడుతున్నావురా?"

"పండ్లే మామా. అమ్మినాయన పండ్లు సాలన్నడు. ఇక్కడికొచ్చినంక బాపమ్మ మక్కకంకి కూడా వెడ్తున్నది. మంచిగ తింటున్నయి."

తెల్లారి పంజరం పట్టుకుని జగిత్యాల వెళ్ళాం. పశువుల డాక్టరుగారు నిజాయితీపరుడు. "నా దగ్గరికొచ్చేవి బర్రెలు, గొర్రెలు. దీన్ని చూడటం ఇదే మొదటిసారి," అని చెప్పి, ఇలాంటి ప్రాణులను చూసే హైదరాబాద్ డాక్టరుకి మా ఎదుటే ఫోన్ చేశాడు. ఎక్స్‌రే తీయించాడు. దెబ్బ లేదు, విరుగు లేదు. ఎముకలు పలచబడిపోయాయి! తిండిలో కాల్షియం చాలకపోతే ఒళ్ళు తన ఎముకల్లోంచే తోడుకుంటుంది. షుగర్ గ్లైడర్లకి తరచుగా వచ్చే జబ్బు ఇదేనట. ముందు వెనుకకాళ్ళు పడిపోతాయి. ఆలస్యమైతే ప్రాణమే పోతుంది.

ఇంతకీ తేడా ఎక్కడొచ్చింది? పేరు దగ్గరొచ్చింది. 'షుగర్' అన్నది దాని ఇష్టాన్ని చెప్పే మాట, అవసరాన్ని చెప్పే మాట కాదు. ఆస్ట్రేలియా, న్యూగినీ అడవుల్లో ఇది తుమ్మజాతి చెట్ల బంక నాకుతుంది, యూకలిప్టస్ చెట్టు గీరి రసం తాగుతుంది, పూలతేనె జుర్రుకుంటుంది. పిల్లలు పుట్టే కాలం వచ్చిందంటే పురుగుల మీద పడుతుంది. తీపి నుంచి శక్తి, పురుగు నుంచి మాంసకృత్తులు. రెండు రీళ్ళూ ఉంటేనే సినిమా! పండ్లు ఒక్కటే పెడితే ఇంటర్వెల్‌కే బొమ్మ ఆగిపోతుంది.

మక్కకంకి సంగతి మరీ చిత్రం. మనకది బలమైన తిండే. కానీ అందులో భాస్వరం ఎక్కువ, కాల్షియం బహు తక్కువ. ఈ ప్రాణికి భాస్వరం ఒక పాలైతే కాల్షియం రెండు పాళ్ళు ఉండాలి. లెక్క తిరగబడితే భాస్వరం పోయి ఎముకల తలుపు తడుతుంది.

మాంసకృత్తులు అన్నమాట చెవిన పడిందో లేదో, మావాడు ఆ సాయంత్రమే పావుకిలో కోడిమాంసం తెచ్చాడు! మళ్ళీ ఫోన్. డాక్టరుగారు నవ్వి, "ఉత్త మాంసంలో కూడా భాస్వరమే ఎక్కువ బాబూ. గుంటలోంచి లేచి బావిలో పడతావు," అన్నాడు. ఆయన చెప్పింది నేను నోటుబుక్కులో రాసుకున్నాను. మీలో ఎవరికైనా పనికొస్తుందని ఇక్కడ ఇస్తున్నాను.

పళ్ళెంలో దాదాపు సగం మాంసకృత్తులు ఉండాలి. ఉడికిన గుడ్డు, ఉప్పూ కారం వేయకుండా ఉడికించిన కోడిమాంసం, పెంపకం పురుగులు. పురుగులకు కాల్షియం పొడి అద్ది ఇవ్వాలి. ఎంత అద్దాలన్నది డాక్టరు చెప్పాలి, మోతాదు మించినా ముప్పే. పొలంలో మిడతలు ఊరికే దొరుకుతాయి కదా అని పట్టి పెట్టకూడదు. పసుపుచేలలో, మక్కచేలలో మందు కొట్టకుండా ఏ రైతు ఉన్నాడు? ఆ మందు మిడతలోంచి దీని కడుపులోకే పోతుంది.

మిగతా సగానికి లెడ్‌బీటర్ మిశ్రమం అని ఒకటుంది. నూట యాభై మిల్లీలీటర్ల గోరువెచ్చని నీళ్ళు, అంతే తేనె, పెంకు తీసిన ఉడికిన గుడ్డు ఒకటి, మాంసకృత్తులు ఎక్కువున్న పసిపిల్లల గింజపిండి ఇరవై అయిదు గ్రాములు, విటమిన్లు-ఖనిజాల పొడి ఒక చెంచా. మెత్తగా కలిపి, ఫ్రిజ్‌లో దాచి, కొంచెం కొంచెం పెట్టాలి. లెడ్‌బీటర్ పోసమ్ అన్నది దీని దగ్గరి చుట్టం. జాతే అంతరించిపోయిందనుకుంటే 1961లో మళ్ళీ కనబడింది. సెకండాఫ్‌లో తిరిగొచ్చే హీరో అన్నమాట!

బొప్పాయి, మామిడి, ఆపిల్... రుచికి ఒక్కో ముక్క. పాలకూర కాల్షియాన్ని ఒంటికి అందనివ్వదు కాబట్టి దూరం. చాక్లెట్, ఉల్లి, వెల్లుల్లి అసలు వద్దు. రోజు మొత్తానికి తినేది ఒంటి బరువులో అయిదో వంతుకి మించదు. అంటే రెండు మూడు చెంచాలు! అదీ చీకటి పడ్డాకే.

బాపమ్మ ఇదంతా విని, "గింత పానానికి గంత వంటనా? మా కాలంల పసిపోరలకు గూడ జెయ్యలే!" అంది. మర్నాడు పొద్దున్నే గుడ్డు ఉడకబెట్టి, పెంకు తీసి పెట్టింది మాత్రం ఆవిడే. పెరటి తుమ్మచెట్టు చూపించి, "బంక నాకుతదంటివి గద, తియ్యాల్నా?" అని కూడా అడిగింది. డాక్టరుగారు సరేనన్నాక చిటికెడు శుభ్రం చేసి పెట్టింది. సన దాన్ని రెండు చేతులా పట్టుకుని నాకుతుంటే చూడాలి!

చిట్టిని ఎత్తులేని చిన్న పంజరంలో పెట్టారు. ఎక్కడం, దూకడం బంద్. కాల్షియం మందు, కొత్త తిండి. పది రోజులు ఏ మార్పూ లేదు. మేనల్లుడు నాకు రాత్రిపూట ఫోన్ చేసి మాట్లాడకుండా ఊరుకునేవాడు. మూడోవారంలో ఎడమకాలు ఊనింది. రెండు నెలలకు గుడ్డసంచి పట్టుకుని పైకి పాకింది. తేలడం మాత్రం ఇంకా రాలేదు. రాకపోవచ్చునని కూడా డాక్టరుగారు దాచకుండా చెప్పాడు.

అన్నట్టు, ఎగిరే ఉడుత మన అడవుల్లోనూ ఉంది. అది వేరే జాతి. దాన్ని పట్టి పెంచడం 1972 నాటి వన్యప్రాణి చట్టం ప్రకారం నేరం. ముచ్చటపడి ఆ పని మాత్రం చేయకండి.

తెర మీద ఏ జంతువును చూసినా ముచ్చటపడే వయసు మీది. ఫోన్‌లో పది సెకండ్ల బొమ్మ చూసి పర్సు తీసే రోజులివి. పంజరం ధర, జంట ధర అడగండి, తప్పులేదు. దానికంటే ముందు "ఏం తింటుంది?" అని అడగండి. అమ్మేవాడి జవాబుతో ఆగకండి, వైద్యం చేసేవాడినీ అడగండి. సరిగ్గా చూసుకుంటే ఈ ప్రాణి పది పన్నెండేళ్ళు బతుకుతుంది. ఒంటరిగా ఉండలేదు, జంట కావాలి.

మొన్న మా మేనల్లుడితో అదే లెక్క వేశాను. "వీటికి పన్నెండేళ్ళు వచ్చేసరికి నీకు ముప్పై నాలుగురా. పెళ్ళిచూపుల్లో ముందే చెప్పు, రాత్రి తొమ్మిదింటికి గుడ్డు ఉడకబెట్టాలని!"

"చెప్త మామా," అన్నాడు వాడు సీరియస్‌గా. "ఒప్పుకోకుంటే ఆ సంబంధమే వద్దు."