కెమెరా ఎవరి పక్షాన నిలబడింది?

జనగామలో డిగ్రీ విద్యార్థులకు తెలంగాణ సాయుధ పోరాట సాహిత్యం బోధించేటప్పుడు నేను ‘మా భూమి’ చిత్రాన్ని కూడా పాఠ్యంగానే స్వీకరిస్తాను. అది కథాచిత్రమే. అయినా, అందులోని వాస్తవికతకు మూలమేమిటో తెలియాలంటే దర్శకుడు గౌతమ్ ఘోష్ ఏ దారిన వచ్చాడో గమనించవలసి ఉంది.

1950లో కలకత్తాలో జన్మించిన ఘోష్ మొదట డాక్యుమెంటరీల మనిషి. 1974 నాటి బెంగాల్ కరువును గురించి ఆయన తీసిన ‘హంగ్రీ ఆటమ్’ జర్మనీలోని ఓబర్‌హౌజన్ చిత్రోత్సవంలో బహుమానం పొందింది. ఆకలిని చూపి కన్నీరు పెట్టించడంతో సరిపెట్టుకోక, దాని ఆర్థిక కారణాలను వెదకిన చిత్రమది. తెలుగు మాతృభాష కాని ఆ యువకుడి చేతిలో బి. నరసింగరావు, జి. రవీంద్రనాథ్ 1979లో ‘మా భూమి’ని పెట్టారు. క్రిషన్ చందర్ ఉర్దూ నవల ‘జబ్ ఖేత్ జాగే’ దానికి ఆధారం. తరువాత ‘పార్’, ‘పద్మా నదీర్ మాఝి’ చిత్రాలకు దర్శకత్వంతోపాటు ఛాయాగ్రహణమూ ఘోషే నిర్వహించాడు. శ్రమను అలంకారంగా కాక జీవనాధారంగా చూసే చూపు ఆయనకు డాక్యుమెంటరీ నేర్పినదే.

చిత్రం చూశాక ఒక విద్యార్థిని నన్ను నిలదీసింది: “సార్, పాలకుర్తి ఐలమ్మ మన జిల్లా మనిషే గదా! మరి కథంతా రామయ్య చుట్టే ఎందుకు తిరిగింది?”

ఆక్షేపణ న్యాయమైనదే. దొడ్డి కొమరయ్య 1946 జూలై 4న నేలకొరిగిన కడవెండి, ఐలమ్మ పంట నిలుపుకున్న పాలకుర్తి మా కళాశాలకు దూరం కావు. అక్కడి స్త్రీల పోరు ‘మా భూమి’కి కేంద్రం కాలేదు. అయితే ఘోష్ అక్కడే ఆగిపోలేదు. దక్షిణాది నుంచి వలసపోయిన సంచార తెగ స్త్రీ తన భూమికోసం సాగించిన పోరాటాన్నే ‘దఖల్’గా తీశాడు. 1981కి జాతీయ ఉత్తమ చిత్రం అదే.

ఐలమ్మ 1985లో కన్నుమూసింది. ఆ తరం దాదాపు అంతరించింది. కాని భూపాలపల్లి బొగ్గు గనుల్లో, మహబూబాబాద్ మిరప చేలల్లో శ్రమ నేడూ ఉంది. కెమెరా ఇవాళ ప్రతి విద్యార్థి జేబులోనూ ఉంది. దాన్ని ఎవరి పక్షాన నిలబెట్టాలన్నదే మిగిలిన ప్రశ్న. తరగతి గదుల్లో మనం నేర్పవలసిందీ అదే.