దుబాసీ కుదిరిన వేళ

బరంపురంలో మా సంఘం ఆఫీసంటే వొక గది, రెండు బీరువాలు, వొక బల్ల. ఆ బల్ల మీది ప్రింటరు చందాలెత్తి కొన్నది. మొన్న పాత కంప్యూటరు మూలబడితే విండోస్ 11 ఉన్న కొత్తది తెచ్చాము. ప్రింటరు తీగ తగిలించగానే అది తనంతట తానే ఏదో డ్రైవరు వేసుకుంది. ఇంగ్లీషు ఉత్తరం తీసి చూస్తే ముత్యాల్లా వచ్చింది. ఇంకేం, అయిపోయిందనుకున్నాము.

ఆ సాయంత్రం ఆరింటికి మా సంఘపు మొదటి పంతులుగారి సంస్మరణ సభ. వారి జీవితం గురించి వొక పేజీ వేసి మామ్మగారి చేతికివ్వాలి. ఆవిడకు ఎనభై ఆరేళ్లు; తెలుగు తప్ప మరొకటి చదవరు. నాలుగింటికి కాగితం తీస్తే వత్తులన్నీ చిన్న చిన్న గళ్లయిపోయాయి. పంతులుగారి పేరులోనే రెండు వత్తులాయె! తెర మీద నిక్షేపంగా ఉన్న మనిషిని కాగితం మీద గుర్తుపట్టడం మా తరం కాలేదు.

డ్రైవరంటే బండి తోలేవాడు కాడు, దుబాసీ. కంప్యూటరు మాటను ప్రింటరుకు తెలిసిన భాషలో అందించడం వాడి పని. పి.సి.ఎల్. వొక భాష, పోస్టుస్క్రిప్టు మరొకటి. మాకు దొరికినవాడు అందరికీ సరిపెట్టే రకం. విడివిడిగా నిలబడే ఇంగ్లీషు అక్షరాలతో గట్టెక్కాడు గాని, అక్షరం కింద అక్షరం ఒదిగే మన లిపి దగ్గర తడబడ్డాడు. తరాలుగా ఒరియా సీమలో ఉంటున్న మనకు ఇలాంటి దుబాసీలు కొత్తేమీ కాదనుకోండి.

సభ్యులలో వొకరి మనుమరాలు, ఇంజనీరింగు చదివే పిల్ల, వచ్చి "తాతగారూ, ముందు దాని వెనక చీటీ చదవండి" అంది. మేము నంబరు చివరి అక్షరం వదిలేశాము. ఆ అక్షరంతోనే డ్రైవరు మారుతుందట! జాబితాలో ప్రింటరు పేరు చెరిపేసినంత మాత్రాన పాత డ్రైవరు పోదు. ప్రింట్ సర్వర్ ప్రాపర్టీస్‌లోకి వెళ్లి ప్యాకేజీతో సహా తీసేసింది. తరువాత కంపెనీవారి స్వంత సైటు నుంచే, వెతకగానే పైన కనబడే ప్రకటనల గుమ్మాల్లోంచి కాదు, 64 బిట్ల పి.సి.ఎల్. 6 డ్రైవరు దింపుకుంది. మా బీరువాలో భద్రంగా దాచిన సి.డి. 32 బిట్లదట, విండోస్ 11కు పనికిరాదు. తీగ పీకేసి, అది అడిగినప్పుడే మళ్లీ పెట్టింది.

"అప్పటికీ తడబడితే పేజీని బొమ్మగా పంపుదాం తాతగారూ. ఆలస్యమవుతుంది గాని వత్తు పోదు."

ఆ అవసరం రాలేదు. సభలో మామ్మగారు కాగితం కళ్లద్దాల దాకా తెచ్చుకుని, పేరు మీద వేలు పెట్టి, పైకే చదివారు.

ఆ సి.డి. మాత్రం ఇంకా బీరువాలోనే ఉంది. పారేయడానికి మా కార్యదర్శిగారు ఒప్పుకోవడం లేదు.