ఆమెకు నేనేమవుతాను?

“ఆమెకి మీరేమవుతారు మేడమ్?”

కిందటేడాది వానాకాలంలో, హనుమకొండలో ఒక ప్రైవేటు ఆసుపత్రిలో నర్సు నన్నడిగిన ప్రశ్న ఇది. నా స్నేహితురాలికి గర్భసంచిలో గడ్డలు. రక్తస్రావం ఆగడం లేదు, ఆపరేషన్ చేయాలన్నారు. తన సంతకం తను పెట్టింది. అది చాలదట, ఇంటివాళ్ల సంతకం కూడా కావాలట. ‘రోగితో సంబంధం’ అన్న చోట నా పెన్ను ఆగిపోయింది. ముప్ఫై ఏళ్లుగా తెలుగు పాఠాలు చెబుతున్నదాన్ని, నాకు మాట దొరకలేదు. చివరికి ‘అక్క’ అని రాశాను.

ఆధార్ కార్డుల్లో తండ్రుల పేర్లు కలవలేదు. “సొంత అక్క కాదా? అయితే రక్తసంబంధీకుల్ని పిలిపించండి” అంది నర్సు. పన్నెండేళ్లుగా మా గడప తొక్కని తన తమ్ముడికి ఫోన్ చేశాను. ఖమ్మం నుంచి వచ్చి, నా వైపు చూడకుండా సంతకం పెట్టి, బెంచీ మీద కూర్చున్నాడు. ఇరవై ఆరేళ్లుగా తనతో ఒకే ఇంట్లో ఉంటున్నాను. తనకు ఏ మందు పడదో తెలిసింది నాకు. అర్హత మాత్రం అతనిది.

తెలుగులో వరసలకేం కొదవ? తోడికోడలు, ఆడపడుచు, వియ్యపురాలు… పెళ్లి వల్ల కలిసే ప్రతి చుట్టరికానికీ ఒక మాటుంది. ఒకే మగవాడిని పంచుకోవాల్సి వచ్చిన ఇద్దరాడవాళ్లకు కూడా ‘సవతులు’ అని పేరు పెట్టింది మన భాష. మధ్యలో మగవాడు లేకుండా కలిసి బతికే ఇద్దరాడవాళ్లకు మాత్రం ఏ వరసా లేదు.

పత్రికలు మాకొక మాట ఇచ్చాయి. 2009లో ఢిల్లీ హైకోర్టు ఇచ్చి, 2013లో సుప్రీంకోర్టు తీసేసిన ఊరట 2018 సెప్టెంబర్ 6న తిరిగి వచ్చింది. 377వ సెక్షన్ కింద మనలాంటి వాళ్లు నేరస్థులు కారని సుప్రీంకోర్టే చెప్పింది. మర్నాడు ఎక్కడ చూసినా ‘స్వలింగ సంపర్కం’ అన్న మాటే. తను టీ తాగుతూ, “మనం చేస్తున్నది సంపర్కమా ఏందే? పొద్దున లేస్తే పాలు, కరెంటు బిల్లు, నీ బీపీ గోళీలు…” అని నవ్వింది. నేను నవ్వలేకపోయాను. ఆలుమగల్ని ఎవరూ ‘భిన్నలింగ సంపర్కులు’ అనరు కదా! వాళ్లది సంసారం. మాది సంపర్కం.

2023 అక్టోబర్ 17న సుప్రీంకోర్టు మా పెళ్లిళ్లను గుర్తించడానికి ఒప్పుకోలేదు, అది చట్టసభల పని అంది. 2024 ఆగస్టులో కేంద్ర ఆర్థిక శాఖ, మేము జాయింట్ ఖాతా తెరవడానికి, ఒకరికొకరం నామినీగా ఉండడానికి అడ్డేమీ లేదని స్పష్టం చేసింది. 2025 మేలో మద్రాసు హైకోర్టు, కుటుంబం ఏర్పడడానికి పెళ్లి ఒక్కటే దారి కాదంది. తమిళనాడు ప్రభుత్వమైతే హైకోర్టు చొరవతో 2022లోనే మాలాంటి వాళ్లను గౌరవంగా పిలవడానికి తమిళ పదాల పట్టికను గెజిట్‌లో అచ్చువేసింది. హక్కు కావాలంటే ముందు దానికి అమ్మభాషలో ఒక పేరుండాలని అక్కడివాళ్లు గ్రహించారన్నమాట.

మరి మనం? రేవతి రాసిన, సత్యవతి గారు తెలుగు చేసిన ‘ఒక హిజ్రా ఆత్మకథ’కు 2019 సంవత్సరపు సాహిత్య అకాడమీ అనువాద బహుమతి వచ్చినప్పుడు నేను క్లాసులో ఒక గంటసేపు ఆ పుస్తకం గురించి మాట్లాడాను. ‘హిజ్రా’ అన్న మాటను వెక్కిరింతగా వాడొద్దని పిల్లలకు చెప్పాను. నా గురించి చెప్పుకునే మాట మాత్రం నా నోట రాలేదు. ఎవరో ఒకామె ధైర్యాన్ని పాఠం చెప్పి, ఇంటికొచ్చి తలుపేసుకున్నాను.

ఆసుపత్రి నుంచి వచ్చిన రాత్రి తను అడిగింది, “కాగితంలో ఏం రాసినవే?” అని. చెప్పాను. చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, “మన సభల్లో అందరూ మొగుళ్లను ‘నా సహచరుడు’ అని పరిచయం చేస్తరు గదా. నీకు ఆ మాట గుర్తుకు రాలేదా?” అంది.

నిజమే. ‘భర్త’ అనే మాటలో ఉన్న యజమానిని వద్దనుకుని మనమే వాడుకలోకి తెచ్చుకున్న మాట అది. కొత్తగా పుట్టించాల్సిన పని లేదు. ‘సహచరి’ అని ఒక ఆడదాని నోట పలికితే చాలు. కానీ ఇన్నేళ్ల మన సభల్లో ఒక్క స్త్రీ అయినా మరో స్త్రీని అలా పరిచయం చేయగా నేను వినలేదు. నేనూ చేయలేదు.

పోయిన నెల చెకప్‌కి వెళ్లినప్పుడు ఆ మాటే రాశాను. కౌంటర్లో అమ్మాయి చదివి, “అంటే ఫ్రెండా మేడమ్?” అంది.

“కాదమ్మా, కలిసి బతుకుతున్నాం” అన్నాను.

ఆ అమ్మాయి ఒక క్షణం నా మొహంలోకి చూసి, కంప్యూటర్లో ‘అదర్స్’ నొక్కింది. ఆమె తప్పేం లేదు. ఆమె ముందున్న లిస్టులో ఆ మాట లేదు. అక్కడికి చేరాలంటే ముందు అది మన ఇళ్లలో, మన రాతల్లో వినబడాలి. అందుకే ఇది రాస్తున్నాను.